1,810 మందికి ఒక కౌంటీ

(ఒక పట్టణ గ్రంథాలయంలో చేసిన ప్రసంగ పాఠం. చివర సభికులు అడిగిన ప్రశ్నలు, వాటికి జవాబులు ఉన్నాయి.)

అందరికీ నమస్కారం.

మన రాష్ట్రంలో 2019 అక్టోబరు 2న గ్రామ సచివాలయాలు మొదలైనప్పుడు ఒక లెక్క పెట్టుకున్నారు. మైదాన ప్రాంతాల్లో సుమారు రెండు వేల జనాభాకి ఒక సచివాలయం. ఆ లెక్క గుర్తుపెట్టుకోండి. ఇవాళ నేను చెప్పబోయే కౌంటీ (అమెరికాలో మన జిల్లా లాంటి విభాగం) మొత్తం జనాభా 2020 సెన్సస్ ప్రకారం 1,810. మన దగ్గరైతే ఒక సచివాలయానికే చాలదు. కానీ ఆ 1,810 మందికి సొంత కోర్టు భవనం ఉంది. వాళ్ళ ఓట్లతో గెలిచిన షెరీఫు (కౌంటీ పోలీసు అధికారి), ట్రెజరర్, క్లర్కు ఉన్నారు. సొంత బడ్జెట్టు, దానికోసం వేసుకునే సొంత పన్ను ఉన్నాయి. విస్తీర్ణం దాదాపు 1,400 చదరపు కిలోమీటర్లు. అంటే మన మండలాలు ఐదారు పడతాయి.

దాని పేరు బోయ్డ్ కౌంటీ. అమెరికాలో నెబ్రాస్కా రాష్ట్రానికి ఉత్తరపు అంచున ఉంది. పైన సౌత్ డకోటా, కింద నయోబ్రారా నది, ఈశాన్యాన మిస్సోరి నది.

అమెరికా అంటే న్యూయార్కో డాలసో చెప్పక ఈ మారుమూల కౌంటీ ఎందుకయ్యా అంటే, నేను రెవెన్యూలో పనిచేసి రిటైరైనవాణ్ణి. ఎక్కడికి వెళ్ళినా నా కళ్ళు సరిహద్దు రాళ్ళ మీదే ఉంటాయి. మా అబ్బాయి ఒమాహాలో ఉంటాడు. ఒమాహా చూశాను, బాగుంది. కానీ ఒమాహా ఉన్న డగ్లస్ కౌంటీలో 5,84,526 మంది. అంతమంది ఉన్నచోట పరిపాలన ఉండటంలో విశేషం ఏముంది? మనుషులు లేనిచోట పరిపాలన ఎలా నడుస్తుందో చూడాలనిపించింది. నాలుగు గంటల కారు ప్రయాణం. మావాడికి అంత దూరం వచ్చి నేను చూసేదేమిటో అర్థం కాలేదు, పాపం.

ముందు పైనుంచి కిందికి వద్దాం. నెబ్రాస్కాలో 93 కౌంటీలు. రాష్ట్ర జనాభా 2020లో 19,61,504. మన విశాఖ నగరం అంత అనుకోండి. అందులో డగ్లస్, లాంకస్టర్, సార్పీ అనే మూడు కౌంటీల్లోనే దాదాపు 11 లక్షల మంది. మిగతా ఎనిమిదిన్నర లక్షల మందీ 90 కౌంటీల్లో సర్దుకున్నారు. ఆర్థర్ కౌంటీ అని ఒకటుంది, దాని జనాభా 434. అదీ కౌంటీయే, డగ్లసూ కౌంటీయే. చట్టం ముందు రెండింటికీ ఒకటే హోదా.

అక్కడ కార్ల నంబరు ప్లేట్ల మీద మొదటి అంకె కౌంటీది. 1922లో ఏ కౌంటీలో ఎన్ని బళ్ళు రిజిస్టరై ఉన్నాయో చూసి ఒకటి నుంచి 93 దాకా వరస ఇచ్చారు. బోయ్డ్‌కి 63 వచ్చింది. మూడు పెద్ద కౌంటీలు తర్వాత ఆ పద్ధతి వదిలేశాయిగానీ మిగతావి ఇప్పటికీ ఆ వందేళ్ళ నాటి ర్యాంకులతోనే తిరుగుతున్నాయి. మనకూ 07 అంటే గుంటూరు, 16 అంటే కృష్ణా అని బండి చూసి చెప్పే రోజులుండేవి. 2019లో ఏపీ 39 వచ్చి ఆ సరదా పోయింది.

ఇక బోయ్డ్ ఎలా పుట్టిందో చెప్తాను. నయోబ్రారా నది మిస్సోరిలో కలిసే ప్రాంతమంతా పోంకా అనే ఆదివాసీ జాతి నేల. 1877లో అమెరికా ప్రభుత్వం వాళ్ళని బలవంతంగా దక్షిణాన ఇప్పటి ఓక్లహోమా వైపు తరలించింది. అక్కడ చనిపోయిన కొడుకు అస్థికలు సొంత నేలలో పూడ్చాలని స్టాండింగ్ బేర్ అనే పెద్ద కొంతమందితో నడుచుకుంటూ వెనక్కి వచ్చాడు. సైన్యం పట్టుకుంది. 1879లో ఒమాహా కోర్టులో ఆ కేసు నడిచింది. ఆదివాసీ కూడా చట్టం దృష్టిలో మనిషేనని జడ్జి డండీ తీర్పిచ్చాడు. మనిషా కాదా అన్నది కోర్టు తేల్చాల్సి వచ్చిన చోట మూడేళ్ళ తర్వాత, 1882లో, ఒక గీత మారింది. కీయపాహా, నయోబ్రారా నదులకు ఉత్తరాన ఉన్న ముక్కని డకోటా టెరిటరీలోంచి తీసి నెబ్రాస్కాలో కలిపారు. 1891లో ఆ ముక్కలోంచి బోయ్డ్ కౌంటీ ఏర్పడింది. అప్పటి గవర్నర్ జేమ్స్ బోయ్డ్ పేరే పెట్టేశారు. పదవిలో ఉన్నవాళ్ళ పేర్లు పెట్టడం మనకొక్కళ్ళకే అలవాటు అనుకోకండి.

1890 సెన్సస్‌లో అక్కడ ఏడు వందల మంది కూడా లేరు. పదేళ్ళలో ఏడు వేలు దాటారు. 1910లో 8,826. అదే శిఖరం. ఆ తర్వాత వచ్చిన ప్రతి సెన్సస్‌లోనూ తగ్గడమే. 2000లో 2,438, 2010లో 2,099, 2020లో 1,810.

అంతమంది అంత తొందరగా ఎలా వచ్చారంటే, భూమి ఉచితం. 1862 హోమ్‌స్టెడ్ చట్టం ప్రకారం ఐదేళ్ళు ఉండి సాగుచేసుకుంటే 160 ఎకరాలు నీది. ఈ 160 అనే అంకె గాల్లోంచి రాలేదు. సర్వే వాళ్ళు ముందే కొలిచి పెట్టారు. ఇది నాకు బాగా నచ్చిన విషయం, కొంచెం ఓపిక పట్టండి.

మన సర్వే పద్ధతి ఏమిటి? భూమి ఎలా ఉందో అలా కొలవడం. వాగు వంకర తిరిగితే సర్వే నంబరు వంకర తిరుగుతుంది. గట్టు ఎక్కడుంటే అక్కడ రాయి. ఊరు ముందు, సర్వే తర్వాత. అక్కడ తిరగేశారు. 1785లోనే ఒక చట్టం చేసి, మనుషులు వెళ్ళకముందే నేలంతా గళ్ళు కొట్టేశారు. ఆరు మైళ్ళు పొడవు, ఆరు మైళ్ళు వెడల్పు ఉన్న గడిని టౌన్‌షిప్ అన్నారు. దాన్ని 36 సెక్షన్లు చేశారు. ఒక్కో సెక్షన్ ఒక చదరపు మైలు, 640 ఎకరాలు. సెక్షన్‌ని నాలుగు చేస్తే 160. అదీ హోమ్‌స్టెడ్ ముక్క. నెబ్రాస్కా, కాన్సస్ రాష్ట్రాల మధ్య గీత ఉందే, అదే ఈ కొలతకి మొదటి గీత. అక్కడినుంచి ఉత్తరానికి ఆరేసి మైళ్ళ చొప్పున లెక్కపెట్టుకుంటూ పోతే ముప్ఫై నాలుగో గడి దగ్గర మనం బోయ్డ్ కౌంటీలో ఉంటాం. అక్కడి దస్తావేజులో 'టౌన్‌షిప్ 34 నార్త్' అని ఉంటే, ఆ పొలం కాన్సస్ సరిహద్దుకి 198 మైళ్ళు దాటి 204 మైళ్ళ లోపు ఉందని మ్యాపు లేకుండా చెప్పెయ్యొచ్చు. మన అడంగల్ చూసి ఆ మాట చెప్పగలిగిన తహసీల్దార్ ఉంటే నాకు చూపించండి.

ఆ సెక్షన్ గీతల మీదే మట్టి రోడ్లు వేశారు. మైలుకో రోడ్డు, స్కేలు పెట్టి గీసినట్టు. కారులో కూర్చుంటే ఎడమకీ కుడికీ మైలుమైలుకీ ఒక దారి పోతుంటుంది. ఆ దారి చివర ఇల్లుండేది ఒకప్పుడు. ఇప్పుడు చాలాచోట్ల గాలిమర స్తంభం, కూలిన కొట్టం, నాలుగు చెట్లు. చెట్లుంటే అక్కడ ఒకప్పుడు ఇల్లుందని గుర్తు, ఆ గడ్డి నేలలో చెట్టు మనిషి పెడితేనే ఉంటుంది.

జనం ఎందుకు పోయారన్నది పెద్ద రహస్యం కాదు. 160 ఎకరాలు గుర్రాలతో దున్నే రోజుల కొలత. ట్రాక్టరు వచ్చాక అది చాలలేదు. పక్కవాడిది కొన్నారు, ఆ పక్కవాడిదీ కొన్నారు. కరువులొచ్చాయి, ముప్ఫైల్లో ధరలు పడిపోయాయి. రైలు పోయింది. పిల్లలు ఒమాహా, లింకన్ పోయారు. ఊరికో హైస్కూలు ఉండేది, వాటిని కలుపుకుంటూ కలుపుకుంటూ చివరికి కౌంటీకి ఒకటి చేశారు. పొలాలు బీడు పడలేదు, అది గమనించండి. గొడ్లున్నాయి, మొక్కజొన్న ఉంది, ఎండుగడ్డి కట్టలున్నాయి. పండే పంట పండుతూనే ఉంది. పండించడానికి మనుషులు అక్కర్లేకపోయారు, అంతే.

ఇప్పుడు విభాగాల సంగతి. ఇక్కడే మనవాళ్ళు తికమక పడతారు.

మన దేశంలో దాదాపు ప్రతి సెంటు భూమీ ఏదో ఒక రెవెన్యూ గ్రామంలో ఉంటుంది. కొండ, చెరువు, శ్మశానం, ఏదైనా సరే. గ్రామాలన్నీ కలిపి కుడితే మండలం, మండలాలు కుడితే డివిజను, అవి కుడితే జిల్లా. అక్కడ ఊరు వేరు, నేల వేరు. ఊరంటే అక్కడ ఇళ్ళున్న ఆ కొద్దిపాటి జాగా మాత్రమే. బోయ్డ్ కౌంటీలో ఎనిమిది ఊళ్ళున్నాయి: స్పెన్సర్, బ్యూట్, లించ్, నేపర్, బ్రిస్టో, అనోకా, గ్రాస్, మొనోవై. వీటి హద్దు దాటితే మిగిలిన నేలంతా ఏ ఊరికీ చెందదు. అది నేరుగా కౌంటీ కింద ఉంటుంది. జనాభాలో సగానికి కాస్త ఎక్కువ ఈ ఎనిమిది ఊళ్ళలో, మిగతావాళ్ళు ఊరు కాని నేల మీద, విడివిడి ఇళ్ళలో. వాళ్ళకి సర్పంచ్ లాంటివాడు ఎవరూ ఉండడు. రోడ్డు పాడైతే కౌంటీ, దొంగతనం జరిగితే కౌంటీ షెరీఫ్.

నెబ్రాస్కా చట్టంలో ఊళ్ళకి జనాభాని బట్టి అంతస్తులున్నాయి. వంద నుంచి ఎనిమిది వందల దాకా విలేజ్. ఆపైన ఐదు వేల దాకా రెండో తరగతి సిటీ. ఆపైన మొదటి తరగతి. లింకన్‌కి, ఒమాహాకి వేరే. బోయ్డ్‌లో ఎనిమిదీ విలేజీలే. కౌంటీ మొత్తానికి ఒక్క సిటీ లేదు. కౌంటీ కేంద్రం బ్యూట్, అక్కడ మూడు వందల మందికి అటూఇటూ ఉంటారు. మన జిల్లా కేంద్రం అంటే మనకి కలెక్టరేటు ముందు జిరాక్సు షాపులు, టీ బళ్ళు, అర్జీలు రాసేవాళ్ళు గుర్తొస్తారు. అక్కడ కోర్టు భవనం ముందు కారు ఆపుకోవడానికి స్థలం వెతుక్కోనక్కర్లేదు.

వంద మంది ఉంటేనే విలేజ్ కదా, మరి గుప్పెడు మంది మాత్రమే ఉన్న అనోకా, గ్రాస్ విలేజీలు ఎలా అయ్యాయి అని మీకు అనుమానం రావాలి. ఒకప్పుడు ఉండేవారు. ఒకసారి విలేజ్ అయ్యాక జనం తగ్గినంత మాత్రాన ఆ హోదా దానంతటది పోదు. అలా మిగిలిందే మొనోవై. 1930ల్లో 150 మంది దాకా ఉన్న ఊరు. 2000లో ఇద్దరు, ఒక జంట. 2004లో ఆయన పోయాక ఆవిడ ఒక్కరే. 2010 సెన్సస్‌లో మొనోవై జనాభా: ఒకటి. అమెరికా మొత్తం మీద ఒకే మనిషి ఉన్న విలేజీ అదే అని పేరొచ్చింది. ఆవిడే మేయరు, ఆవిడే క్లర్కు, ఆవిడే ట్రెజరరు. ఊళ్ళో వీధి దీపాలు వెలగాలి కదా, దానికి పన్ను తనే వేసుకుని తనే కట్టేవారు. అక్కడున్న చిన్న హోటలు, బారు ఆవిడవే కనుక మద్యం లైసెన్సుకి అర్జీ తనే పెట్టి తనే మంజూరు చేసుకునేవారు. రాష్ట్రం నుంచి రోడ్డు నిధులు రావాలంటే ఏటా ప్లాను పంపాలి. అదీ పంపేవారు. భర్త దాచుకున్న అయిదు వేల పుస్తకాలతో ఒక లైబ్రరీ కూడా పెట్టారు. మన గ్రంథాలయంలో నిలబడి చెప్తున్నాను కనుక ఈ మాట ప్రత్యేకంగా చెప్తున్నాను: తలసరి పుస్తకాల్లో మొనోవైని కొట్టే ఊరు ప్రపంచంలో ఉండకపోవచ్చు.

2020 సెన్సస్ ఫలితాలొచ్చాయి. మొనోవై జనాభా రెండు అని వేశారు. ఆవిడేమో ఆ రెండోవాళ్ళెవరో నాకూ చూపించండి అన్నారట. తప్పు లెక్క అనుకోకండి, కావాలనే వేశారు.

నేను సెన్సస్ డ్యూటీ చేసినవాణ్ణి. మనకి టెన్షనంతా ఒక్క ఇల్లు కూడా వదిలిపోకూడదని. అక్కడ దానికి తోడు ఇంకో టెన్షన్ ఉంది. ఒక మనిషి చెప్పిన వివరం ఆ మనిషిదని బయటివాళ్ళు పోల్చుకోకూడదు. చట్టం అలా ఉంది. ఇంటింటి కాగితాలు 72 ఏళ్ళ దాకా బయటపెట్టరు. 1950 నాటివి 2022 ఏప్రిల్లో తెరిచారు. మరి ఒకే మనిషి ఉన్న ఊళ్ళో వయసు, జాతి, ఇల్లు సొంతమా అద్దా అని పట్టిక వేస్తే దాచిందేముంది? పూర్వం అయితే కొన్ని కుటుంబాల వివరాలు అటూఇటూ మార్చి సర్దేవారు. కంప్యూటర్లు బలిశాక ఆ సర్దుబాటు నిలవదని తేలింది. దాంతో 2020లో గణితపద్ధతి ఒకటి పెట్టి, చిన్న చిన్న లెక్కలకి కావాలనే కొంచెం కలిపారు, కొంచెం తీశారు. రాష్ట్రం మొత్తం జనాభా మాత్రం ముట్టుకోలేదు, అది లెక్కపెట్టింది లెక్కపెట్టినట్టే ఉంటుంది, ఎందుకంటే పార్లమెంటు సీట్లు దాన్నిబట్టే. కింది అంకెలకి ఆ పూచీ లేదు. నేను ఇందాకటి నుంచి చెప్తున్న 1,810 కూడా ఒకటో రెండో అటూఇటూ కావచ్చు. పెద్ద కౌంటీలో ఇది ఎవరికీ పట్టదు. చిన్న ఊళ్ళో జనాభా రాత్రికి రాత్రి రెట్టింపు అవుతుంది. నాకైతే ఇది మింగుడుపడలేదు. మనిషిని దాచడానికి ఊరి లెక్క మార్చడం న్యాయమేనంటారు అక్కడి గణాంకవేత్తలు. ఒకళ్ళున్న చోట ఇద్దరని రాసిన రిజిస్టరు మీద సంతకం పెట్టమంటే నేను పెట్టను.

ఇప్పుడు అసలు కథకి వద్దాం. ఇంత చిన్న కౌంటీకి సొంత హోదా ఉండటం వల్ల ఏం జరుగుతుందో చూపించే కథ.

1980లో అమెరికా కాంగ్రెస్ ఒక చట్టం చేసింది. ఆసుపత్రుల నుంచీ అణు విద్యుత్ కేంద్రాల నుంచీ వచ్చే తక్కువ స్థాయి రేడియోధార్మిక వ్యర్థాల్ని రాష్ట్రాలే చూసుకోవాలని. రాష్ట్రాలు కూటములు కట్టాయి. ఆర్కన్సా, కాన్సస్, లూయిజియానా, నెబ్రాస్కా, ఓక్లహోమా ఒక కూటమి. 1987లో ఆ చెత్త నెబ్రాస్కాలో పెట్టాలని తేలింది. నెబ్రాస్కాలో మూడు కౌంటీలు పరిశీలించి, 1989 చివర్లో బోయ్డ్ కౌంటీని ఎంచారు. స్థలం బ్యూట్ ఊరికి దగ్గర్లో. ఎందుకు బోయ్డ్ అంటే ఊహించడం కష్టం కాదు. అప్పటికి జనాభా మూడు వేల లోపు. ఎవరు అడుగుతారు అనుకుని ఉంటారు.

స్థానికుల సమ్మతి ఉంటేనే పెడతాం అన్నది షరతు. చెప్పడానికి సుళువు. స్థానికులంటే ఎవరు? బ్యూట్ విలేజా? ఆ చుట్టూ ఉన్న, ఏ ఊరికీ చెందని పొలాల వాళ్ళా? కౌంటీ మొత్తమా? చెత్త వస్తే డబ్బు వస్తుంది, ఉద్యోగాలొస్తాయి, చచ్చిపోతున్న ఊరు బతుకుతుంది అనేవాళ్ళు ఉన్నారు. నీళ్ళు పోతాయి, గొడ్లని కొనేవాడుండడు అనేవాళ్ళు ఉన్నారు. అన్నదమ్ములు మాట్లాడుకోవడం మానేశారు. ఊరి గీత దగ్గర అడిగితే ఒక జవాబు, కౌంటీ గీత దగ్గర అడిగితే ఇంకో జవాబు. మన పంచాయతీల్లో గ్రామసభ తీర్మానం అంటే ఏ గ్రామసభ అని కొట్టుకోవడం నాకు అనుభవమే కనుక, చదువుతుంటే మనవాళ్ళే కళ్ళముందు కదిలారు.

కౌంటీయే కోర్టుకెక్కింది. సమ్మతి ఉందని మమ్మల్ని మోసం చేశారు అని ఆ చెత్త స్థలం కట్టబోయే కంపెనీ మీద కేసు వేసింది. ఆ కేసు 1995లో అప్పీలు కోర్టులో కూడా పోయింది. కానీ ఈలోగా రాజకీయం మారిపోయింది. 1990 గవర్నర్ ఎన్నికల్లో ఈ చెత్త స్థలం పెద్ద చర్చ అయింది, దాన్ని వ్యతిరేకించిన బెన్ నెల్సన్ గెలిచాడు. ఏళ్ళ తరబడి లైసెన్సు పరిశీలన నడిచి 1998 డిసెంబరులో నెబ్రాస్కా లైసెన్సు నిరాకరించింది. కూటమి దావా వేసింది. 2002లో ఫెడరల్ కోర్టు నెబ్రాస్కా నిజాయితీగా పరిశీలించలేదని చెప్పి 15.1 కోట్ల డాలర్లు కట్టమంది. చివరికి 2004లో 14.1 కోట్లకి రాజీ కుదిరింది. డబ్బు కట్టింది రాష్ట్రం, అంటే ఒమాహా జనం కూడా కట్టినట్టే. స్థలం మాత్రం ఈనాటికీ ఖాళీయే.

నేను ఇక్కడ ఎవరి పక్షం అని అడక్కండి. ఆ చెత్త ఎక్కడో చోట పెట్టాలి కదా అనే ఇంజనీరు మాటలోనూ నిజం ఉంది. నేను చూసేది ఇది: మూడు వేల మందికి ఒక కౌంటీ బోర్డు, ఒక కౌంటీ లాయరు, సొంత డబ్బు ఉండబట్టి కోర్టుకి వెళ్ళగలిగారు. అదే ఆ నేలని పక్క పెద్ద కౌంటీలో ఒక మూలగా కలిపేసి ఉంటే, ఓ నాలుగు అర్జీలు, ఓ ధర్నా, ఆ తర్వాత బుల్డోజరు.

అలాగని చిన్న కౌంటీ జీవితం సుఖం అనుకోకండి. 2019 మార్చిలో నెబ్రాస్కాలో పెద్ద వరద వచ్చింది. స్పెన్సర్ దగ్గర నయోబ్రారా మీద ఉన్న పాత ఆనకట్ట మంచుగడ్డల ధాటికి మార్చి 14న తెగిపోయింది. ఒక మనిషి కొట్టుకుపోయాడు. 281 నంబరు హైవే వంతెన పోయింది. నది కింద నుంచి కౌంటీకి మంచినీళ్ళు తెచ్చే పైపులు పోయాయి. దక్షిణాన ఓనీల్‌కి పోవడానికి చుట్టూ తిరిగి పోవాల్సి వచ్చింది. లించ్‌లో ఒక ఆసుపత్రి ఉంది. రెండు వందల మంది ఊళ్ళో ఆసుపత్రి ఏమిటంటే, 1997లో కేంద్రం తెచ్చిన పథకం ఒకటి. పాతిక పడకల లోపు ఉండి, ఇంకో ఆసుపత్రికి దూరంగా ఉంటే మెడికేర్ (ముఖ్యంగా వయసు మళ్ళినవాళ్ళకి ఉన్న ప్రభుత్వ వైద్య బీమా) డబ్బు ఖర్చుకి తగ్గట్టు ఇస్తారు. అది లేకపోతే పల్లె ఆసుపత్రులు ఎప్పుడో మూతపడేవి. అలాంటి ఆసుపత్రికి కుళాయి నీళ్ళు లేకపోతే ఎలా ఉంటుందో మీరే ఆలోచించండి.

ఈ ఆసుపత్రుల దగ్గరే మనవాళ్ళ ప్రస్తావన. డాక్టర్లు తక్కువున్న ప్రాంతాలని అమెరికా ప్రభుత్వం జాబితా కడుతుంది. చాలాచోట్ల ఆ జాబితా కౌంటీలవారీగానే. జె-1 వీసా మీద రెసిడెన్సీ (ఆసుపత్రిలో పై శిక్షణ) చేసిన విదేశీ డాక్టరు మామూలుగా రెండేళ్ళు సొంత దేశం వెళ్ళిపోవాలి. అలాంటి కొరత ప్రాంతంలో మూడేళ్ళు పనిచేస్తానంటే వెళ్ళక్కర్లేదు. రాష్ట్రానికి ఏడాదికి 30 మందికి ఆ వెసులుబాటు. మన గుంటూరు, కర్నూలు, ఉస్మానియా మెడికల్ కాలేజీల వాళ్ళు ఎందరో అమెరికా పల్లెల్లో కాలు పెట్టింది ఈ దారిలోనే. మీ చుట్టాల్లో ఎవరో డాక్టరు, పేరు కూడా వినని ఊళ్ళో మూడేళ్ళున్నాడంటే కారణం ఇది. ఏ కౌంటీ గీత లోపల ఉద్యోగం దొరికిందన్న దాన్నిబట్టి అతని వీసా తేలుతుంది.

నా మాట ఇంతటితో ఆపుతాను. ప్రశ్నలుంటే అడగండి.

ప్రశ్న: సార్, 1,810 మందికి ఇన్ని పదవులు దండగ కదా? పక్క కౌంటీలో కలిపేస్తే?

జవాబు: కలపాలంటే మన దగ్గరలా జీవో ఇస్తే సరిపోదు. నెబ్రాస్కా రాజ్యాంగంలోనే ఉంది, కౌంటీని విడదీయాలన్నా అందులోంచి నేల తీసుకోవాలన్నా ఓటర్లు ఒప్పుకోవాలి. కొత్త కౌంటీ 400 చదరపు మైళ్ళకి తగ్గకూడదు. ఎవరు ఓటేస్తారు చెప్పండి, మా కోర్టు పక్క ఊరికి తరలించండి అని? పదవులు మీరనుకున్నన్ని లేవు కూడా. చిన్న కౌంటీలో క్లర్కు ఒక్కరే రిజిస్ట్రేషన్లు చూస్తారు, ఎన్నికలు జరిపిస్తారు, బోర్డు మినిట్స్ రాస్తారు. ఒకే లాయరు రెండు మూడు కౌంటీలకి కౌంటీ అటార్నీగా ఉండటం మామూలు. జిల్లా జడ్జి డజనుకు పైగా కౌంటీలు తిరుగుతారు. పేరుకి కౌంటీ విడిగా ఉంటుంది, మనుషుల్ని పంచుకుంటారు.

ప్రశ్న: నేను గ్రూప్స్‌కి చదువుతున్నానండి. మన జిల్లాల విభజనని దీంతో పోల్చి రాయొచ్చా?

జవాబు: రాయొచ్చమ్మా, కానీ జాగ్రత్తగా. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చాయి. తెలంగాణలో 2016 అక్టోబరు 11న పది జిల్లాలు 31 అయ్యాయి, 2019లో 33. మనకి 2022 ఏప్రిల్ 4న పదమూడు 26 అయ్యాయి. ఇవన్నీ జనానికి ఆఫీసు దగ్గరవ్వాలని చేసినవి. ఆఫీసు దగ్గరైంది, నిజమే. కానీ జిల్లా ఎన్ని ముక్కలైనా కలెక్టరుని పంపేది రాజధానే, డబ్బు వచ్చేది రాజధాని నుంచే. బోయ్డ్ కౌంటీలో స్కూళ్ళకీ రోడ్లకీ అయ్యే డబ్బులో పెద్ద భాగం ఆ పొలాల మీద వేసే ఆస్తి పన్ను. జనం తగ్గేకొద్దీ ఆ భారం మిగిలినవాళ్ళ మీద ఎకరాకి ఇంత అని పడుతుంది. నెబ్రాస్కా రైతులు ఏ పార్టీ నాయకుడు కనపడినా మొదట ఎత్తేది ఆస్తి పన్ను మాటే. నీ సమాధానంలో ఈ సంగతి రాయకుండా వాళ్ళ స్వపరిపాలన గొప్పది, మనది కాదు అని రాస్తే నేనైతే సగం మార్కులే వేస్తాను.

ప్రశ్న: అక్కడ సర్వే రాళ్ళు ఉంటాయా సార్?

జవాబు: ఉంటాయి. పాతరోజుల్లో రాళ్ళో, కొయ్య గుంజలో పాతేవారు. ఇప్పుడు సెక్షన్ మూలల్లో లోహపు గుర్తులుంటాయి, కౌంటీ సర్వేయరు రికార్డు ఉంటుంది. నేను ఒకటి చూశాను, రోడ్డు మధ్యలో, కంకర తొలిగిస్తే కనపడింది. మావాడు వెనకాల నుంచి హారన్ కొడుతున్నాడు.